డానియెలా చేతి పుపూసలు

మూడో పుపూసా కూడా పెనం మీదే పగిలింది. లోపలి చీజ్ బయటికి కారి చిటపటలాడుతూ మాడిపోతుంటే ఎవా దాన్ని అట్లకాడతో గీకి చెత్తబుట్టలో పడేసి, ఫోన్ అందుకుంది. డానియెలా ఎత్తలేదు. నొప్పికి ఇంజెక్షన్ ఇచ్చి పడుకోబెట్టారేమో.

డానియెలా ఆమె ఫ్లాట్‌మేట్, ఎల్ సాల్వడోర్ అమ్మాయి. ఇద్దరిదీ ఒకే యూనివర్సిటీ. మొన్న రాత్రి కడుపునొప్పితో మెలికలు తిరిగిపోతే, వీధి చివరి ఆసుపత్రిలో అపెండిక్స్ తీసేశారు. ఇవాళేమో వాళ్లమ్మ కార్మెన్ మూడేళ్ల తర్వాత కూతుర్ని చూడ్డానికి సిడ్నీ వస్తోంది. ఆవిడ గుండెజబ్బు మనిషి. కాలు పెట్టగానే ఆపరేషన్ మాట చెప్పవద్దని డానియెలా ఒట్టు వేయించుకుంది. యూనివర్సిటీ పని మీద రైల్లో న్యూకాజిల్ వెళ్లింది, ఎల్లుండి వచ్చేస్తుంది అనాలి. వెళ్తూ వెళ్తూ అమ్మ కోసం పుపూసలు చేసిపెట్టి వెళ్లిందనాలి. అవి బల్ల మీద కనిపించకపోతే ఆవిడ ఒక్క ముక్క కూడా నమ్మదట. ముప్పై ఏళ్లుగా వాళ్ల ఊరి బజారు వీధిలో ఆవిడ అమ్ముతున్నవి అవే మరి.

మొక్కజొన్న పిండి ముద్దలో, ఉడికించి మెదిపిన రాజ్మా గింజలూ చీజూ కూరి, అరచేతుల మధ్య తట్టి కాల్చడమే. నరసాపురంలో అమ్మమ్మ పక్కన కూర్చుని బొబ్బట్లు చేసిన చేతికి ఇదెంత పని అనుకుంది ఎవా. చేయబోతే అంచు మూస్తే నడుమ చిట్లుతోంది, నడుమ అతికితే అంచు విచ్చుకుంటోంది.

ఇక లాభం లేదని సిడ్నీ శివారు ద పాండ్స్‌లో ఉండే విద్యావతి ఆంటీకి ఫోన్ చేసింది. కరీంనగర్ ఆవిడ అంతా విని నవ్వింది.

"బొబ్బట్టు కాదు బిడ్డా గది, జొన్నరొట్టె లెక్క. ఉడుకునీళ్లు పోసి మంచిగ పిసుకు. చేతికి తడి ఆరనియ్యకు."

ఆ మాట పనిచేసింది. ఒంటిగంటకల్లా ఎనిమిది పుపూసలు నిండుగా, మచ్చలు మచ్చలుగా కాలి పళ్లెంలో చేరాయి. కానీ కార్మెన్ జాడ లేదు. విమానం పదకొండింటికే దిగింది. రెండయింది, మూడయింది. ఎవా బాల్కనీలోకీ వంటింట్లోకీ తిరుగుతూనే ఉంది. చెప్పాల్సిన అబద్ధాన్ని మనసులో పదిసార్లు చదువుకుంది. న్యూకాజిల్ అనాల్సిన చోట ఒకసారి నరసాపురం అనేసి తనే ఉలిక్కిపడింది.

మూడున్నరకు తలుపు చప్పుడయింది. పొట్టిగా, చేతిలో పెట్టెతో, అలసిన కళ్లతో కార్మెన్ నిలబడి ఉంది. ఎవా ఆవిణ్ణి లోపలికి తీసుకొచ్చి, ఊపిరి తీసుకోకుండా అంతా అప్పజెప్పింది. అడగని ప్రశ్నలకు కూడా జవాబులు చెప్పింది. ఏ రైలు ఎక్కిందో, చలికోటు తీసుకెళ్లిందో లేదో కూడా. ఆవిడ తలూపుతూ వింది తప్ప ఏమీ అడగలేదు. ప్రయాణం బడలిక కాబోలు అనుకుంది ఎవా.

కార్మెన్ ఒక పుపూసా తుంచి నోట్లో పెట్టుకుంది. ముప్పై ఏళ్ల చెయ్యి అది, ఇట్టే పట్టేస్తుందనుకుంది ఎవా. ఆవిడ నెమ్మదిగా నమిలి, ఒకటి పూర్తి చేసి, రెండోది కూడా తీసుకుంది.

"బాగున్నాయి" అంది వచ్చీరాని ఇంగ్లీషులో. "అచ్చం మా డానియెలా చెయ్యే."

ఎవాకు ప్రాణం లేచొచ్చింది. ఆ వెంటనే సిగ్గేసింది. ఇంత దూరం వచ్చిన తల్లికి, నాలుగడుగుల్లో ఉన్న కూతురు ఎక్కడో ఉందని చెప్పింది తను. ఇంక ఒక్క నిమిషం కూడా దాచలేననిపించింది. ఒట్టు పోతే పోనీ.

"ఆంటీ, మీకో మాట చెప్పాలి..."

కార్మెన్ అప్పటికే లేచి చేతులు కడుక్కుంటోంది. మిగిలిన పిండిలోంచి రెండు ముద్దలు తీసి, ఒకదాన్ని చూడకుండానే గుండ్రంగా తట్టసాగింది. ఎవా గింజల గిన్నె ఆవిడ ముందుకు జరపబోయింది.

"అవి వద్దమ్మా, ఈ రెండిట్లో ఉత్త చీజే పెడదాం. దిగగానే నేను ఫోన్ చేస్తే ఎత్తిన నర్సు, కుట్లు మానేదాకా గింజలు పెట్టొద్దని ఇందాక మా డానియెలా పక్కన కూర్చున్నప్పుడు చెప్పింది."