మోత మాటున పాట

“నానమ్మా, జర పాడు. ఫోన్ల రికార్డింగ్ ఆన్ చేసిన,” అంది రుచిత.

ఐలమ్మ నోరు తెరిచి మళ్లీ మూసుకుంది. అరవై ఏళ్ల కిందట ఊరూరా నాటకాల్లో రాణి వేషాలు కట్టి పద్యాలు పాడిన మనిషి. అప్పటి ఫొటో ఒక్కటీ లేదు. కనీసం గొంతయినా పంపమని, పాత నాటకాల పద్యాలు సేకరించేవాళ్లెవరో హైదరాబాదు నుంచి అడిగారు.

“గొంతు లేస్తలేదు. సాంచ నడుపు బిడ్డా,” అంది కొడుకుతో.

నర్సింగం నవ్వాడు. లాక్‌డౌన్‌తో సూరత్‌లో వాళ్లింటి సాంచతో సహా మరమగ్గాలన్నీ ఆగి రెండు నెలలైంది. “సాంచ నడిస్తే నీ పాట ఎవలకు వినవడతదే అవ్వా?”

“వినవడొద్దనే గదా గిన్నేండ్లు దానికాడ పాడిన! పెండ్లయిన తెల్లారే మీ నాయిన పాట బంద్ పెట్టిచ్చిండు.”

నర్సింగం నవ్వు ఆగిపోయింది. నలభై ఏళ్లుగా తన పక్కనే నూలు కండెలు చుడుతూ తల్లి పెదవులు కదుపుతుంటే, ఆకు నములుతోందనుకున్నాడు.

“నాయిన పోయి పన్నెండేండ్లాయె. ఇంకెవలకు భయపడతవ్?”

“ఆయన పోయిండని నా గొంతుకు తెల్వది బిడ్డా.”

నర్సింగం లేచి మగ్గం నడిపాడు. ఇల్లంతా దద్దరిల్లింది. ఐలమ్మ కళ్లు మూసుకుని, చెయ్యి చాచి, రాగం అందుకుంది. మెడ నరాలు ఉబ్బాయి.

రుచిత ఫోన్‌ను ఆమె నోటి దగ్గర పెట్టి, కాసేపటికి రికార్డయింది వినడానికి చెవికి ఆనించుకుంది. మోత తప్ప ఏమీ లేదు. “పప్పా, బంద్ చేయ్!” అని సైగ చేసింది.

ఆపితే పాట ఆగిపోతుంది. ఆపకపోతే వినపడదు. స్విచ్ మీద చెయ్యి పెట్టి, నర్సింగం తల్లి పెదవులనే చూస్తూ నిలబడ్డాడు.