కత్తిరించిన స్వరం

లోరెటా మంచం మీద బ్యాగు సర్దుకుంటోంది. ఉన్ని స్వెటర్ల పైన క్లారినెట్ పెట్టె పెట్టబోతుంటే భర్త వెండెల్ దాన్ని గట్టిగా పట్టుకున్నాడు.

"ఒక్కటే మిగిలింది. అన్నిటికంటే కింది స్వరం. అది ఊదేసి వెళ్ళు."

"బస్సు వెళ్ళిపోతుంది వెండెల్."

"నిమిషం పని. అది లేకపోతే నా సౌండ్‌ఫాంట్ కుంటిదైపోతుంది."

కొన్ని వారాలుగా ఆమె చేత ఒక్కొక్క స్వరమే ఊదించి కంప్యూటర్‌లోకి ఎక్కిస్తున్నాడు. ఆ స్వరాల మూటే సౌండ్‌ఫాంట్. అన్నీ చేరితే, అతను కంప్యూటర్‌లో కట్టిన మిడి పాటలు దాని సొంత ప్లాస్టిక్ బూర గొంతుతో కాక, లోరెటా క్లారినెట్ గొంతుతో మోగుతాయి.

"నా ఊపిరి కావాలి నీకు. నేను అక్కర్లేదు."

"మళ్ళీ మొదలు! ఫార్గోలో మీ అక్క దగ్గర నాలుగు రోజులుండి వస్తావుగా, వచ్చాక పోట్లాడుకుందాం."

గుమ్మంలో నిలబడ్డ వెండెల్ తల్లి ఓపల్ విసుక్కుంది. "ఉండమనాలనుంటే ఉండమను, లేకపోతే బస్సెక్కనియ్యి. మధ్యలో ఈ ఊదుడేమిట్రా?"

"నువ్వూరుకోమ్మా."

కింద బేస్‌మెంట్‌లో వెండెల్ హెడ్‌ఫోన్లు తగిలించుకున్నాడు. శ్రుతి సరిచూసుకోవడానికి అందులో అదే స్వరం ఆగకుండా మోగుతుంటుంది. బయటి మాట చెవిన పడదు. లోరెటా అతని వెనక మైకు ముందు నిలబడి ఊదింది. తెర మీద గీత ఉబ్బి, సన్నబడి, ఆగింది. వెండెల్ వెనక్కి తిరక్కుండానే, బాగా వచ్చిందన్నట్టు బొటనవేలు ఎత్తి చూపించాడు. హెడ్‌ఫోన్లు తీసేసరికి పైన వీధి తలుపు మూసుకున్న చప్పుడు వినిపించింది.

ప్రతి స్వరానికీ ముందూ వెనకా ఉన్న చెత్త కోసెయ్యడం అతనికి అలవాటే. ఈ స్వరం గీత చివర చిన్న చిన్న గతుకులు కనిపించాయి. "ఈ ఇంట్లో ఎప్పుడూ ఏదో గోల" అనుకుని వినకుండానే కత్తిరించేసి, పాతదాని మీదే సేవ్ చేశాడు.

ఆదివారం చర్చి నుంచి రాగానే తల్లిని కూర్చోబెట్టి పాట వినిపించాడు. క్లారినెట్ నిండుగా, వెచ్చగా పలికింది.

"ఎలా ఉందమ్మా? అచ్చం లోరెటానే కదూ?"

ఓపల్ అతని మొహం చూడలేదు. "ఊదాక లోరెటా అన్న మాట కూడా ఉంచావా?"

"ఏ మాట?"

"నా దగ్గర నాటకాలాడకు. అప్పుడు నేను బేస్‌మెంట్ మెట్ల మీదే ఉన్నాను. నిన్ను కన్నందుకు సిగ్గేసి ఆ పూట ముద్ద దిగలేదు నాకు."

"హెడ్‌ఫోన్లున్నాయమ్మా! ఒట్టు, నాకేం వినపడలేదు. ఏమంది?"

ఓపల్ అప్పుడు అతని వైపు తిరిగింది.

"'ఉండమంటే ఉండిపోతాను. వెళ్ళమంటావా?' అంది. నువ్వు బొటనవేలు ఎత్తావు."

వెండెల్ వెంటనే లేచాడు. ఫార్గోకి ఫోన్ చేసి ఉన్నదున్నట్టు చెప్పాడు.

"ఇంతకంటే మంచి అబద్ధం దొరకలేదా?" అంది లోరెటా.

ఆమె వెళ్ళింది 1998 నవంబరులో. తిరిగి రాలేదు.