మోచేతి ఆచారం

మొదటిరోజే చిజురు పొరపాటు చేసింది. విస్కీ పోయబోతూ ఎత్తిన గ్లాసు అడుగు వెళ్లి ఎడమ మోచేతికి టక్కున తగిలింది.

ఎవరూ నవ్వలేదు. బల్ల అవతల కూర్చున్న సయోకో మాత్రం రెప్ప వెయ్యకుండా చూసింది. ఖరీదైన గింజా పేటలోని ఆ క్లబ్బులో, వచ్చినవాళ్లకు మందు పోసి కబుర్లు చెప్పే హోస్టెస్‌లలో తనే నంబర్ వన్ అని చెప్పుకుంటుంది ఆమె.

నిజానికి చిజురు హోస్టెస్ కాదు. చిన్నాచితకా నాటకాలాడే నటి. అర్ధరాత్రి వేళ వచ్చే టీవీ సీరియల్ ఒకటి తీయబోతున్నారు. హోస్టెస్‌ల కుమ్ములాటే కథ. పదిహేను రోజుల్లో వేషాలన్నిటికీ ఎంపిక. చిజురు కన్ను నాయిక వేషం మీద ఉంది. పని లోతుపాతులు తెలుసుకుందామని గుట్టుగా ఈ క్లబ్బులో చేరింది. తనకు ముప్ఫై ఏళ్లు దాటాయి. ఇదీ పోతే సొంతూరు అకితా వెళ్లి, అమ్మ పక్కన కూర్చుని ఊరగాయకని ముల్లంగికి పొగబెట్టుకోవడమే.

మర్నాడు సయోకో గ్లాసెత్తింది. పొయ్యడానికి ముందు దాన్ని మోచేతికి టక్కున తాకించింది.

చిజురుకు ప్రాణం లేచొచ్చింది. 'ఓసి నా అదృష్టమా! పొరపాటున చేసినా ఆచారమే చేశానన్నమాట!'

అక్కణ్నుంచి మొదలైంది పోటీ. ఇద్దరి గురీ కురిమోతో మీదే. పెద్ద కంపెనీ అధిపతినంటాడు. రోజూ వచ్చి, చనిపోయిన భార్యను తలచుకుని ఏడుస్తాడు. ఆయన గ్లాసును సయోకో ఒక మోచేతికి తాకిస్తే చిజురు రెండిటికీ తాకించింది. సయోకో రెండిటికీ తాకించి, ఉఫ్‌మని ఊదింది కూడా.

"ఏమే, నిన్నగాక మొన్నొచ్చి నా కస్టమర్ దగ్గర మోచేతులాడిస్తావా?"

"మోచేతులు నీ ఒక్కదానికే ఉన్నాయా అక్కా?"

కురిమోతో చెయ్యెత్తాడు. "కాస్త ఆగండమ్మా. ఇందాక ఏడుపు సరిగ్గా రాలేదు. మళ్లీ ఏడుస్తాను."

క్లబ్బు పెత్తనం చూసే మామా-సాన్ విసనకర్ర టపీమని మూసింది. ఆవిడ వచ్చి నెలే అయింది. అయినా గొంతులో ముప్ఫై ఏళ్ల అధికారం. "గొడవెందుకే? మోచెయ్యి మా గురువుగారి నాటి నుంచీ వస్తున్న ఆచారం. ఇద్దరూ చెయ్యండి!"

దాంతో చిజురుకు ఉన్న కాస్త అనుమానమూ తీరిపోయింది.

ఎంపిక రోజు తెల్లారకముందే వెళ్లి మొదటి నంబరు తెచ్చుకుంది. దర్శకుడి ఎదుట గ్లాసెత్తి, రెండు మోచేతులకూ తాకించి, ఉఫ్‌మని ఊది, ఠీవిగా పోసింది.

ముసలి దర్శకుడు కళ్లజోడు తీశాడు. "నలభై ఏళ్లుగా క్లబ్బులు తిరుగుతున్నానమ్మా. ఈ మోచేతి భాగోతం ఎక్కడా చూళ్లేదే!"

"గింజాలో నంబర్ వన్ దగ్గర నేర్చుకున్నానండీ!"

"అయితే ఆవిణ్ని తీసుకురా. ఇది మా హోస్టెస్‌ల ఆచారమేనని నా ఎదుట చెప్పమను. వేషం నీదే."

చిజురు గంతేసినంత పనిచేసింది. పగ సంగతి తర్వాత, కాళ్లు పట్టుకునైనా సయోకోను తీసుకొస్తానని మాటిచ్చి, పరుగున వెళ్లి తలుపు తీసింది.

బయట బెంచీ మీద సయోకో, మామా-సాన్, కురిమోతో, ఛాతీలకు రెండు, మూడు, నాలుగు నంబర్లు తగిలించుకుని, ఆడవాళ్లిద్దరూ కాగితపు కప్పులతో మోచేతులూ, ఆయన ఏడుపూ సాధన చేసుకుంటూ కనిపించారు.