హీరోయిన్ ఎత్తు మనిషి

"కదలకండమ్మా. గడ్డం కాస్త దించండి. అంతే."

దర్శకుడు వెలుగు కొలిచే లైట్ మీటర్‌ను ఆమె ముఖం దగ్గర పెట్టి చూశాడు. ఎడమ చెంప మీద చర్మం మరీ మెరుస్తోందనీ, కాస్త పౌడర్ అద్దమనీ మేకప్ ఆవిడకు చెప్పాడు.

సుద్దగీత మీద నిలబడ్డ ఆ మనిషి నటి కాదు. నటి వచ్చేదాకా ఆ గీత మీద నిలబడుతుంది. ఆమె మీద లైట్లన్నీ సరిచూసుకున్నాక హీరోయిన్ వస్తుంది. ఈమె పక్కకు తప్పుకుంటుంది.

మొదటి రోజు ఈమె స్టూడియో గేటు దగ్గర దర్శకుడి కోసం వాకబు చేస్తుంటే ప్రొడక్షన్ మేనేజర్ ఎగాదిగా చూశాడు. సరిగ్గా హీరోయిన్ అంత ఎత్తు. ఇంకో ప్రశ్న అడక్కుండా తెచ్చి గీత మీద నిలబెట్టాడు.

యూనిట్ ఆమెకు 'కొలబద్ద' అని పేరు పెట్టింది. అసలు పేరు ఎవరూ అడగలేదు.

"సార్, ఒక్క మాట" అందామె ఆ రోజే.

"మాట్లాడకండమ్మా. పెదవి కదిలితే నీడ మారిపోతుంది."

కటువుగా అనలేదు. అతను కటువుగా మాట్లాడే మనిషే కాదు.

ఇరవయ్యారేళ్లు కెమెరామన్‌గా పనిచేశాడు. అతను లైటు పెడితే ఇటుక గోడ కూడా దిగులుగా కనిపిస్తుందని చెప్పుకునేవారు. రెండు సినిమాల మధ్య ఖాళీ దొరికితే చాలు, కెమెరా భుజాన వేసుకుని వరద శిబిరాలకో, కుష్ఠురోగుల ఆశ్రమాలకో పోయేవాడు. యాభై దాటాక, ఇంకొకరి కథలకు లైట్లు పెట్టింది చాలనుకుని మొదటిసారి దర్శకుడయ్యాడు.

ఎంచుకున్నది నిజంగా జరిగిన కథ.

రంగుల ఫ్యాక్టరీ కాలిపోయింది. ముప్పై ఒక్కమంది ఆడవాళ్లు తలుపు దాకా వచ్చి అక్కడే చనిపోయారు. తలుపుకు బయట తాళం వేసి ఉందంటారు జనం. లేదంటుంది యాజమాన్యం. బతికి బయటపడ్డ మనిషి ఒక్కతే. ఆమెనెవరో బెదిరించారు. ఆసుపత్రి నుంచే మాయమైపోయింది. కాంట్రాక్టు మనిషి కాబట్టి ఫ్యాక్టరీ రిజిస్టరులో పేరు లేదు. ఎక్కడా ఫొటో లేదు.

ఆ ప్రమాదం మీద విచారణ శుక్రవారంతో ముగుస్తుంది. ఆలోగా ఆమె వచ్చి తాళం సంగతి చెప్పకపోతే ఫ్యాక్టరీ మళ్లీ నడుస్తుంది. అదే తలుపు, అదే తాళం.

"నా సినిమా ఆగినా ఫర్వాలేదయ్యా. ఆవిడ దొరకాలి" అని దర్శకుడు తన కో-డైరెక్టర్‌ను ఊళ్ల మీదకు పంపాడు. కో-డైరెక్టర్ కనపడ్డ ప్రతి కూలీల పేటలోనూ చెప్పి వస్తున్నాడు. జాడ లేదు.

నాలుగో రోజు ఆమె మళ్లీ నోరు విప్పింది. "సార్, మీతో మాట్లాడాలి."

మేనేజర్ అడ్డొచ్చాడు. "వేషం కావాలట సార్. కొలబద్దకీ ఆశ పుట్టింది."

అందరూ నవ్వారు. దర్శకుడు నవ్వలేదు. అలాంటివాళ్ల మీద అతనికి జాలి.

"తర్వాతి సినిమాలో తప్పకుండా చూద్దామమ్మా" అన్నాడు.

ఆమె ఏదో అనబోయింది. అంతలో హీరోయిన్ రావడంతో గీత దిగింది. సార్‌ని ఇంకోసారి విసిగిస్తే గేటు బయటకు నడవాల్సిందేనని మేనేజర్ ఆమెను పక్కకు పిలిచి చెప్పాడు.

ఆ తర్వాత ఆమె ఏమీ అడగలేదు. రోజూ అందరికన్నా ముందొచ్చి నిలబడేది.

శుక్రవారం సాయంత్రం నాలుగున్నరకు చనిపోయినవాళ్ల తరఫు లాయరు ఫోన్ చేశాడు. దర్శకుడు మీటర్ పట్టుకుని ఆమె ఎదురుగానే ఉన్నాడు. అక్కడే మాట్లాడాడు.

"అయిపోయిందా? ఒక్క వారం గడువు అడగలేకపోయారా?"

అవతల ఏదో చెప్పారు.

"ఆవిడ దొరక్కపోతే నన్నేం చేయమంటారు లాయరుగారూ?"

తలుపు తెరిచే ఉందని నివేదిక రాసేస్తున్నారట. సోమవారం నుంచి ఫ్యాక్టరీలోకి కొత్తవాళ్లను తీసుకుంటారట.

దర్శకుడు అక్కడున్న పెట్టె మీద కూలబడ్డాడు. అంతమంది యూనిట్‌లో ఒక్కరూ దగ్గరకు రాలేదు.

కాసేపటికి తనే లేచాడు. షాట్ ఇంకా మిగిలి ఉంది. అతని చేతులకు వేరే పని తెలియదు. మీటర్ తీసుకుని తిరిగి చూస్తే గీత మీద ఎవరూ లేరు.

"ఆవిడేరీ?"

"మీరు ఫోన్లో ఉండగానే వెళ్లిపోయింది సార్, చెప్పాపెట్టకుండా" అన్నాడు మేనేజర్. "పోతే పోనివ్వండి. ఆ ఎత్తు మనిషిని రేపటికి ఇంకొకర్ని తెస్తాను."

గేటు వైపు నుంచి మేకప్ ఆవిడ ఆయాసపడుతూ వచ్చింది. ఆపుదామని వెంట పరుగెత్తిందట. అప్పటికే ఆమె బస్సు మెట్టు మీద ఉందట. బస్సు ఏ ఊరిదో కూడా చూడలేకపోయింది.

"ఏమైనా అందా?" అని అడిగాడు దర్శకుడు.

మేకప్ ఆవిడ అతని ముఖంలోకి చూడలేదు.

"'ఊరూరా మీ సారు వెతికిస్తున్నది నన్నే, ఆ తలుపు లోపల్నుంచి బతికొచ్చింది నేనొక్కదాన్నే, ఇక చెప్పినా వినేవాళ్లెవరున్నారు' అంది సార్."