లోపలి గది

తిరుత్తణి బస్టాండులో తిరువళ్ళూరు బస్సు కదలబోతుండగా, తమ్ముడు వెంకటముని పరుగున వచ్చి కుప్పమ్మ చెయ్యి పట్టుకున్నాడు.

“దిగక్కా. పళ్ళిపట్టుకి పోదాం రా. కోర్టూ వద్దు, సాక్ష్యమూ వద్దు.”

“చెయ్యి వదలరా.”

“పోలీసోళ్ళతో పెట్టుకుంటే మనల్ని యాడన్నా బతకనిస్తారా? వాని పెండ్లాం బిడ్డ గతి ఏమవుతాదో ఆలోచించినావా?”

“ఆలోచించే పోతా ఉండా.”

బస్సు కదిలింది. కిటికీలోంచి మురుగన్ కొండ కనిపించింది. ఆ కొండకు కావడి మోసి మొక్కుకుంటే పుట్టిన ఒక్కగానొక్క కొడుకు. కుప్పమ్మ ముఖం తిప్పుకుంది.

జీవాను దొంగతనం అనుమానం మీద స్టేషనుకు పట్టుకెళ్ళారు. మర్నాటికి శవమయ్యాడు. బాత్‌రూములో జారిపడ్డాడని రాసుకున్నారు పోలీసులు. ఆ రోజు డ్యూటీలో ఉన్నవాళ్ళంతా అదే మాట చెప్పారు. ఉన్నదున్నట్టు చెబుతానని మాటిచ్చిన హెడ్ కానిస్టేబులు కూడా తీరా బోనెక్కాక ఏమీ చూడలేదనేశాడు. ఇక మిగిలింది కుప్పమ్మ ఒక్కతే.

జీవా భార్య సోఫియా చంటిబిడ్డను ఎత్తుకుని కోర్టు వరండాలో నిలబడి ఉంది. కుప్పమ్మను చూసి ఎదురొచ్చింది.

“వచ్చినావా అమ్మా. రావేమో అనుకున్నా.”

“నన్ను అమ్మా అని పిలవొద్దు పాపా. ఆ పిలుపు వినలేకుండా ఉండా.”

సోఫియా బెంచీ మీద పక్కన చోటిచ్చింది. బిడ్డ కుప్పమ్మ కొంగు పట్టుకుని లాగుతుంటే ఆమె విడిపించుకోలేదు.

కేసు నడుపుతున్న లాయరు మధుమిత వచ్చి ధైర్యం చెప్పింది. “ఎంత పెద్ద నేరం మోపినా సరే, ఆఖరికి యుద్ధం జరుగుతున్నా సరే, మనిషిని చిత్రహింస పెట్టకూడదమ్మా. దానికి ఏ సాకూ చెల్లదు. ఇది దేశాలన్నీ కూర్చుని ఒప్పుకున్న మాట.”

“అదంతా నాకు తెల్దు లాయరమ్మా. ఆ కాకీ చొక్కాను నమ్మినా. జనానికి అండగా ఉంటాదని ఊరంతా గొప్పగా చెప్పుకుంటి. అదే నా గొంతు కోసింది.”

పిలుపు వచ్చింది. కుప్పమ్మ బోనెక్కి ప్రమాణం చేసింది.

“ఆ రోజు స్టేషనుకు ఎందుకు వెళ్ళారు?” అడిగింది మధుమిత.

“నా కొడుక్కి అన్నం క్యారియరు తీసుకుపోయినా.”

“లోపలి గది దాకా నిన్నెవరు రానిచ్చారు?” పోలీసుల తరఫు లాయరు లేచాడు.

“ఎవరూ అడ్డం రాలేదు సార్.”

“అక్కడ ఏం చూశారో చెప్పండి,” అంది మధుమిత.

కుప్పమ్మ బోను చెక్కను గట్టిగా పట్టుకుంది.

“చేతులు వెనక్కి కట్టి, కిటికీ కమ్మీకి వేలాడగట్టి ఉండారు. లాఠీతో అరికాళ్ళ మీద కొడతా ఉండారు. తణ్ణి, ఒక్క గుక్క తణ్ణి అని ఏడిసినాడు. చెంబుతో నీళ్ళు తీసుకుపోతే చెంబును తన్ని పారేసినారు. కాళ్ళ మీద పడినా. ఇంటికి పో అని నన్ను బయటికి తోసేసినారు. నా బిడ్డ ఆ పొద్దే నాకు లేకుండా పోయినాడు.”

కోర్టు హాల్లో వెనక బెంచీలో సోఫియా కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడుస్తోంది.

“కొట్టిన మనిషి ఇక్కడ ఉంటే చూపించండి,” అంది మధుమిత.

కుప్పమ్మ కళ్ళు తుడుచుకుని, ముద్దాయి బోనులో తల దించుకుని నిలబడ్డ ఎస్సై పార్థిబన్ వైపు చెయ్యెత్తి, “వాడే, నేను కన్న కొడుకు” అంది.