పెళ్ళికొడుకు లేని పెళ్ళి

“ఆ మొహం ఒక్క ఫ్రేములో కూడా కనపడకూడదండి. అది తీసేస్తేనే మా ఇంట్లో షూటింగు,” అన్నారు ప్రభాకరరావు గారు, పెన్‌డ్రైవ్ బల్ల మీద పడేసి.

దీపక్ ఎవర్నీ అడక్కుండానే బీరువా వెనకున్న ప్లగ్గులో ఛార్జరు గుచ్చి, ల్యాప్‌టాప్ తెరిచాడు.

హైదరాబాదులో పద్దెనిమిదేళ్ళు ఎడిటర్‌గా ఎవరెవరి సినిమాలనో కోసిపెట్టాడు. ఇన్నాళ్ళకు దర్శకుడిగా మొదటి అవకాశం వచ్చింది. కథంతా రాజోలు పక్కనున్న ఈ పెంకుటింటి చుట్టూనే రాసుకున్నాడు. ఇంకో ఇంట్లో తీయడం తనవల్ల కాదని నిర్మాతకు తెగేసి చెప్పాడు కూడా. సోమవారం షూటింగు. యూనిట్ అమలాపురం లాడ్జిలో దిగిపోయింది. ఇంటాయన సంతకమే మిగిలింది.

ఆదివారం ఆయన భార్య అమ్మాజీ జ్ఞాపకార్థ కూడిక. ఆవిడ నడుస్తూ, మాట్లాడుతూ కనిపించేది కూతురు మెర్సీ పెళ్ళి వీడియోలో మాత్రమే. మూడేళ్ళకే పెటాకులైన పెళ్ళి అది. చుట్టాలందరి ముందూ ఆ పెళ్ళికొడుకు కనపడటం పెద్దాయనకు గిట్టదు.

దీపక్ కోత మొదలుపెట్టాడు. చర్చి మెట్ల మీద నుంచి, ఉంగరాల దగ్గర నుంచి పెళ్ళికొడుకు మాయమయ్యాడు. ప్రభాకరరావు గారు వెనకే కాపలా నిలబడ్డారు. ఏ నిర్మాతా ఇలా నెత్తినెక్కి కూర్చోలేదు.

అమ్మాజీ పెళ్ళికొడుకు నోట్లో కేకు ముక్క పెట్టింది. అతనేదో అన్నాడు. ఆవిడ పగలబడి నవ్వింది.

“ఈ నవ్వు ఉంచుదామండి. చెయ్యి మాత్రమే కనపడుద్ది,” అన్నాడు దీపక్.

“చెయ్యి కూడా వద్దండి. ఆ చేతుల్లో పెట్టే కదండీ పిల్ల బతుకు బుగ్గి చేసుకున్నాం.”

“ఆవిడ ఇంతలా నవ్విన షాటు ఇంకోటి లేదండి.”

“ఎవణ్ణి చూసి నవ్విందో నాకు తెలుసండి. తీసెయ్యండి.”

దీపక్‌కి ఒళ్ళు మండిపోయింది. అన్నీ సర్దుకుని లేచి పోదామనిపించింది. సోమవారం గుర్తొచ్చింది.

“ఆయ్,” అన్నాడు. నవ్వు పోయింది.

సాయంత్రానికి పద్నాలుగు నిమిషాల వీడియో తయారైంది. ప్రభాకరరావు గారు రెండుసార్లు చూశారు. సంతకం పెట్టి కాగితం ఇటు తోశారు.

“సోమవారం వచ్చి మీ పని చేసుకోండి. ఆదివారం మాత్రం ఈ ఛాయలకి రాకండి,” అన్నారు. “వీడియోలోంచి తీసేసిన మొహం గుమ్మంలో నిలబడితే, వచ్చినోళ్ళకి నేనేం చెప్పనండి?”