ఒంటరిగా లక్నోకి అందరూ

ఒంటరిగా లక్నో చూసొస్తానని సుభాషిణి చెప్పగానే, తణుకులో ఇంటిల్లిపాదీ ప్రయాణానికి సిద్ధమైపోయారు. అందుకు ఎవరూ కుర్చీలోంచి లేవనక్కర్లేదు. ఆవిడ కళ్ళజోడు ఏం చూస్తే అది వీళ్ళకి గోడమీద కనబడుతుంది. వీళ్ళ మాటలు ఆ కళ్ళజోడులోంచే ఆవిడ చెవిలో పడతాయి. ఆ రోజుల్లో ఎవరు ఏ ఊరెళ్ళినా అంతే.

"ముందు చీరల బజారుకెళ్ళు వదినా," అంది ఆడపడుచు హైమ.

"మధ్యాహ్నం మాత్రం ఏమీ చూడకు. నేను పడుకోవాలి," అన్నాడు భర్త.

"కార్తీకమాసం వదినా, కబాబుల వైపు చూడకండి. మాకూ దోషం," అన్నాడు మరిది.

సుభాషిణికి చిన్నప్పటినుంచీ ఒకటే కోరిక. లక్నోలోని భూల్ భులయ్యా అనే ఆ చిక్కుదారుల మేడలో ఒక్కసారైనా దారి తప్పాలి.

"తప్పడమేంటి, మేం చెబుతాంగా!" అన్నారందరూ.

లక్నోలో దిగగానే ఆవిడ ఒక గుర్రబ్బండి మాట్లాడింది. కళ్ళజోడు గుర్రం నుదుటికి కట్టించి, ఊరంతా తిప్పుకు రమ్మని బండివాణ్ణి పంపేసింది.

తను మేడలోకి వెళ్ళింది. ఇరుకు చీకటి దారుల్లో నిజంగానే తప్పిపోయింది. ఏడుపొచ్చేంత భయపడింది. చివరికి ఒక మెట్లదారి పట్టుకుని డాబామీదికి చేరి, ఊరంతా ఒక్కసారిగా కనబడేసరికి పకపకా నవ్వింది. బయటికొచ్చి కడుపునిండా కబాబులు తింది.

సాయంత్రం బండి తిరిగొచ్చాక, గుర్రం నుదుటినుంచి కళ్ళజోడు విప్పి పెట్టుకుంది.

"ఎంత బాగా చూపించావు వదినా!" అంది హైమ. "కానీ అంతసేపు ఆ పచ్చగడ్డికేసే చూశావేంటి?"

"ఆకలేసిందమ్మా," అంది సుభాషిణి.